ఉలుకూ పలుకూ

బుల్లబ్బాయి మొదటి దెబ్బ వెనకనుంచి కొట్టాడు. సత్యవతి పెరట్లో కత్తిపీట ముందు కూర్చుని మట్టగిడసలు బాగుచేస్తోంది. ముందుకు తూలినా చెయ్యి కత్తి అంచుకు తగలకుండా పక్కకు లాక్కుంది. చేతిలో చేప మాత్రం జారలేదు.

"డాక్టర్లు ఒచ్చి అడిగితే రానన్నావంట," అన్నాడు.

అతను గొంతు పెంచే మనిషి కాదు. కొట్టేటప్పుడు అసలే పెంచడు. ఫరంపేటలో ఆ వరస ఇళ్ళన్నీ గోడకు గోడ ఆనుకుని ఉంటాయి. అతను పనిచేసే బ్రాందీ షాపు మధ్యాహ్నం కాసేపు మూస్తారు. ఆ వేళకు ఇంటికొచ్చి, చొక్కా విప్పి దండెం మీద వేసి, మెల్లిగా పని మొదలుపెడతాడు. రెండో దెబ్బ వీపు మీద పడింది. మూడోసారి జుట్టు ముడి పట్టుకుని లేపి, తల వెనక భాగాన్ని నూతి చప్టా అంచుకేసి కొట్టాడు. మొహం జోలికి పోడు. శుక్రవారం జనం వచ్చి చూసేది మొహాన్నే.

సత్యవతి గోడ మీద సున్నం పెచ్చులూడిన చోట చూపు నిలబెట్టింది. ఊపిరిని ముక్కు కొసన పట్టుకుంది. కాసేపటికి వెళ్ళిపోయింది.

వెళ్ళే చోటు ఎప్పుడూ ఒకటే. దరియాలతిప్ప దాటి, మడచెట్లు దాటి, గోదావరి సముద్రంలో కలిసే దగ్గర ఆటుపోటుకి బయటపడే బురదనేల. మనిషి అడుగు పడనిది. ఎండకి వెండి పళ్ళెంలా మెరుస్తుంది. అక్కడ ఆమె నిలబడుతుంది. ఎక్కడో దూరంగా ఎవరో బండకేసి బట్టలు బాదుతున్నట్టు చప్పుడవుతూ ఉంటుంది. అది తన ఒళ్ళేనని తెలుసు. కానీ ఆ చప్పుడు నీళ్ళు దాటి ఇటు రాదు.

తిరిగొచ్చేసరికి బుల్లబ్బాయి కాళ్ళూ చేతులూ కడుక్కుంటున్నాడు. కూర ఎంతసేపటికి అవుతుందని అడిగాడు. ఆమె బూడిదలో పడిన చేపను తీసి, మళ్ళీ కడిగి, ఉప్పూ పసుపూ పట్టించింది. మెడ వెనక ఏదో వెచ్చగా కారుతుంటే కొంగు నెత్తిమీదికి లాక్కుంది.

"రేపు పొద్దున్నే ఎల్తన్నాం," అన్నాడు అతను తువ్వాలుతో తుడుచుకుంటూ. "హైదరాబాదు నుంచి వొచ్చేరు వోళ్ళు. నీ గురించి పుస్తకాల్లో రాత్తారంట."

కిందటేడు పక్కింటి జోసెఫిన్ కూతురి పెళ్ళిలో, వంటల దగ్గర గంజి వారుస్తుంటే గుండిగ ఒరిగి సలసలలాడే గంజి సత్యవతి పాదం మీద పడింది. ఆమె గుండిగ నిలబెట్టి, మూత పెట్టి, ఆ తర్వాత కూర్చుంది. ఉలుకూ లేదు, పలుకూ లేదు. అది చూసిన ఆడవాళ్ళు చెంపలేసుకున్నారు. అప్పటినుంచి శుక్రవారం శుక్రవారం అరుగు మీద ఆమె కళ్ళు మూసుకుని కూర్చుంటే, అగ్రహారం నుంచీ, ఏటి అవతల ఎదుర్లంక నుంచీ కూడా కొబ్బరికాయలు పట్టుకుని వస్తున్నారు. ధ్యానం అన్న మాట వాళ్ళు తెచ్చిందే. ఆమె ఎవరికీ ఏమీ చెప్పలేదు. బ్రాందీ షాపులో ఒరే అని పిలిచేవాళ్ళు ఇప్పుడు బుల్లబ్బాయిగారూ అంటున్నారు.

వేసవి సెలవులకు మూసేసిన బడిలో ఒక గది తీసుకున్నారు డాక్టర్లు. కిటికీలకు నల్లగుడ్డ కట్టి, వెంట తెచ్చిన యంత్రం నుంచి ఎర్తు కోసం ఒక రాగితీగ బయటికి లాగి నేలలో పాతిన ఇనపకడ్డీకి చుట్టారు. సత్యవతి వెళ్ళేసరికి ఆ కడ్డీ మొదట్లో డాక్టర్ ఉమామహేశ్వరం స్వయంగా ఉప్పునీళ్ళు పోస్తున్నాడు. సన్నటి మనిషి, నెరిసిన జుట్టు, మోకాళ్ళమీద మట్టి. ధ్యానంలో ఉన్నవాళ్ళ మెదడులో ఏం జరుగుతుందో కొలవడానికి ఏళ్ళ తరబడి దేశమంతా తిరుగుతున్నానని చెప్పాడు. హిమాలయాల్లో కొలిచాడు, మఠాల్లో కొలిచాడు. మామూలు మనిషి కళ్ళు మూసుకుంటే మెదడులో నిదానంగా, తీరుగా అలలు వస్తాయట. చల్లటిదో వేడిదో తగలగానే ఆ అలలు విరిగిపోతాయట. విరగనివాళ్ళు చాలా అరుదట. అదంతా చంటిపిల్లకి చెప్పినట్టు ఓపిగ్గా చెప్పాడు. సత్యవతికి ఆయన నచ్చాడు.

ఆయనతో వచ్చిన చిన్న డాక్టరమ్మ పేరు సరోజిని. టేపుతో తల కొలిచి, రంగు పెన్సిల్‌తో గుర్తులు పెట్టి, పాయలు తీసి గుర్తు దగ్గర చర్మం తుడిచి, జిగురులాంటి పేస్టుతో వెండి బిళ్ళలు అంటించడం ఆమె పని. ఎడమ చెవి వెనక పాయ తియ్యగానే ఆమె వేళ్ళు ఆగిపోయాయి. అక్కడ జుట్టు అట్టకట్టి ఉంది.

"ఇదేమిటి సత్యవతిగారూ?"

"నూతి చప్టా తగిలిందండి."

సరోజిని వేళ్ళు నెమ్మదిగా తలంతా తడిమాయి. మానిపోయిన గీతలు, వెంట్రుక మొలవని మచ్చలు, ఒకచోట ఎముకమీద కట్టిన కాయ. ఒక్కొక్కదాని దగ్గరా ఆగుతూ వెళ్ళాయి. గాయం పక్కన చోటు చూసి బిళ్ళ అంటించింది. చివరికి కుడి అరచేతికి కూడా ఒక బిళ్ళ కట్టింది. అదెందుకని సత్యవతి అడిగితే, చెమట కొలవడానికంది.

కళ్ళు మూసుకోమన్నారు. పంకా ఆపేశారు. కాగితం మీద యంత్రం పెన్నులు గీస్తున్న చప్పుడు, ఇసకలో పీతలు నడుస్తున్నట్టు, మొదలైంది. సత్యవతి ఊపిరిని ముక్కు కొసన పట్టుకుని బురదనేల మీదికి వెళ్ళిపోయింది.

దూరంగా ఏవో అయ్యాయి. ఒక కంచు గంట మోగింది. కనురెప్పల మీద ఎర్రగా ఏదో మెరిసింది. వేడినీళ్ళు పోసిన గాజుగొట్టం ముంజేతికి ఆనించారు. తర్వాత ఎడమచెయ్యి పట్టుకుని మంచుముక్కలు వేసిన పళ్ళెంలో ముంచి చాలాసేపు ఉంచారు. అన్నీ ఏటికి అవతలే జరిగాయి. డాక్టర్ గొంతు కూడా అవతలినుంచే, ఆనందంతో వణుకుతూ వినిపించింది. చూడు సరోజినీ, చూడు, విరగలేదు, అంటున్నాడు.

అప్పుడు తలుపు దగ్గర ఎవరో దగ్గారు.

గట్టిగా కాదు. గొంతు సవరించుకున్నట్టు, చిన్నగా. బురదనేల మాయమైంది. ఆమె కుర్చీలో ఉంది, ఎడమచెయ్యి మంచులో ఉంది, పెన్నులన్నీ టకటకా కొట్టుకుంటూ కాగితం మీద సిరా చిమ్ముతున్నాయి. కళ్ళు తెరవకుండానే తెలిసింది, బుల్లబ్బాయి లోపలికొచ్చాడని.

డాక్టర్ చిరాకుపడ్డాడు. కదిలి ఉంటుందన్నాడు. బుల్లబ్బాయిని బయటికి పంపి, కొంతసేపు ఆగి, సైగచేసి మళ్ళీ రమ్మన్నాడు. మళ్ళీ పెన్నులు ఎగిరాయి. ఈసారి ఇంకో మనిషిని, బడి కాపలావాణ్ణి, అలాగే దగ్గమని పంపించాడు. పెన్నులు కదల్లేదు. ఆ తర్వాత బుల్లబ్బాయిని చెప్పులు విప్పి, దగ్గకుండా, ఊరికే వచ్చి నిలబడమన్నాడు. సత్యవతికి ఏ చప్పుడూ వినిపించలేదు. బ్రాందీ వాసన, చెమట వాసన సోకాయి. పెన్నులు లేచాయి.

ఆమె కళ్ళు తెరిచింది. డాక్టర్ కాగితాన్ని చూశాడు, బుల్లబ్బాయిని చూశాడు, ఆమెను చూశాడు. ఆయనకు అర్థమైంది. అర్థమైనప్పుడు మనుషుల కళ్ళు ఒక్క క్షణం పక్కకి తిరుగుతాయి. ఆ సంగతి ఆమె ఎన్నోసార్లు చూసింది. ఆయన కళ్ళూ తిరిగాయి. తర్వాత ఆయన జేబులోంచి పెన్సిల్ తీసి కాగితం అంచున ఏదో రాసుకున్నాడు.

"రేపు కూడా మీవారిని తీసుకురండమ్మా," అన్నాడు.

మర్నాడు కుర్చీ గది మధ్యకి జరిపారు. డాక్టర్ బుల్లబ్బాయికి ఏం చెయ్యాలో మర్యాదగా వివరించాడు. కుర్చీ వెనక నిలబడాలి. తను వేలెత్తినప్పుడు చెయ్యెత్తాలి, కొట్టబోతున్నట్టు. ఆమెను తాకకూడదు.

సరోజిని ఇంగ్లీషులో ఏదో అంది. డాక్టర్ తెలుగులోనే, కొట్టడం లేదుగా అన్నాడు. గాలి కదిలితే చాలని, ఇలాంటిది ప్రపంచంలో ఎవరూ కొలవలేదని, ఇది బయటికొస్తే ఇలాంటి ఆడవాళ్ళకే మేలు జరుగుతుందని చెప్పాడు. ఆయన అబద్ధమాడటం లేదని సత్యవతికి తెలుస్తూనే ఉంది. అందుకే ఆమెకు భయం వేసింది.

బుల్లబ్బాయి చెయ్యెత్తాడు. పెన్నులు లేచాయి. దించాడు. మళ్ళీ ఎత్తాడు. మొదట సిగ్గుపడుతూ చేసినవాడు క్రమంగా ఉత్సాహపడ్డాడు. తన చెయ్యి లేచినప్పుడల్లా అంత పెద్ద యంత్రం కదలడం అతనికి సరదాగా ఉంది. ఆ తర్వాత డాక్టర్ బల్ల మీద అరచేత్తో కొట్టమన్నాడు. బల్ల దద్దరిల్లింది. సత్యవతి బురదనేల కోసం వెతుక్కుంది. దాని అంచు కనిపించేసరికి మళ్ళీ బల్ల మోగేది. కుర్చీ చేతులు పట్టుకున్న వేళ్ళు తెల్లబడ్డాయి. ఇంకొక్కసారి, అంటున్నాడు డాక్టర్, చాలా మృదువుగా. ఇంకొక్కసారి అమ్మా.

ఆపినాక సరోజిని ఆమెను వెనక వరండాలోకి తీసుకెళ్ళి, గోరువెచ్చటి నీళ్ళతో తలకంటిన పేస్టు కడగడం మొదలుపెట్టింది. గాయం దగ్గర దూదితో అద్దింది.

"ఎన్నాళ్ళనుంచి కొడుతున్నాడు?"

సత్యవతి తల ఇంకా కిందికి వంచింది. "నాకేం తెలవదండి. నేనక్కడ ఉండను," అంది.

"ఎక్కడుంటారు?"

ఆ సంగతి ఇంతవరకూ ఎవరికీ చెప్పలేదు. తల వంచి ఉండటంవల్లనో, మెడమీద ఆ వేళ్ళు మెత్తగా ఉండటంవల్లనో చెప్పింది. బురదనేల గురించి, మెరుపు గురించి, నీళ్ళు దాటి రాని చప్పుడు గురించి. సరోజిని చెంబు కింద పెట్టింది.

"నిన్న గంట కొట్టినప్పుడు, మంచులో ముంచినప్పుడు తలమీది గీతలు కదల్లేదు. అది నిజమే," అంది. "కానీ మీ అరచేతికి ఒక బిళ్ళ కట్టాను చూడండి. ఆ పెన్ను ప్రతిదానికీ లేచింది. గంటకీ లేచింది, మంచుకీ లేచింది. సార్ దాన్ని పట్టించుకోలేదు. మీరు ఎక్కడికీ వెళ్ళలేదు సత్యవతిగారూ. అంతా మీ ఒంటికి తెలుస్తూనే ఉంది."

సత్యవతి తల ఎత్తింది. నీళ్ళు మొహంమీద కారుతున్నాయి. ఆ పిల్లను కొట్టాలనిపించింది. జీవితంలో ఎవరినైనా కొట్టాలనిపించడం అదే మొదలు.

"మీకేటి తెలుసండి," అంది.

అప్పుడే బుల్లబ్బాయి నవ్వుకుంటూ వరండాలోకి వచ్చాడు. గంటకి కదలని యంత్రం తన చేతికే ఎందుకు ఎగురుతోందో చెప్పమని సరోజినిని అడిగాడు. ఏదో గొప్ప మాట వినబోతున్నట్టు నిలబడ్డాడు. సరోజిని దూది పక్కన పడేసి అతని మొహంలోకి చూసింది.

"భయానికి. మీరంటే ఆమెకి అంత భయం. ఆ కాగితం చూసిన డాక్టరెవరైనా చెప్పేస్తారు, మీరు ఇంట్లో ఏం చేస్తున్నారో."

బుల్లబ్బాయి నవ్వు అలాగే ఉండిపోయింది, కింద మొహం మాత్రం మారిపోయింది. సెలవు తీసుకుంటున్నట్టు చేతులు జోడించాడు. దారి పొడుగునా ఆమె పక్కనే నడిచాడు. ఎదురైనవాళ్ళ నమస్కారాలకు తిరిగి నమస్కారం పెట్టాడు.

ఇంట్లోకి రాగానే తలుపు గడియ వేశాడు. చొక్కా విప్పి దండెం మీద వేశాడు. నూతి దగ్గరికెళ్ళి చేదతాడు విప్పి, తడిపి, చేతికి చుట్టుకున్నాడు.

"యంత్రానికి చెప్పేవా," అన్నాడు. "నోటితో చెప్పకుండా యంత్రానికి చెప్పేవా నా గురించి."

తడితాడు భుజం మీద పడింది. సత్యవతి గోడమీద పెచ్చులూడిన చోటు చూసింది. ఊపిరి పట్టుకుంది. బురదనేల రాలేదు. సున్నం, ఇటుక, ఇటుక మీద పాకుతున్న చీమలబారు, అంతే ఉన్నాయి. రెండోసారి తాడు వీపునుంచి నడుము చుట్టి వచ్చింది. అరచేతులు తడిగా ఉన్నాయని ఆమెకు తెలిసింది. ఆ తడి నిన్న కూడా ఉందన్నమాట. ఎప్పుడూ ఉందన్నమాట. మూడో దెబ్బ మోచేతి ఎముక మీద తగిలింది. అది చప్పుడు కాదు. నొప్పి. ఎముకలోంచి పళ్ళదాకా పాకిన నొప్పి.

సత్యవతి అరిచింది.

ముందు తన గొంతని గుర్తుపట్టలేదు. గొడ్డు అరుపులా బొంగురుగా వచ్చింది. బుల్లబ్బాయి తాడెత్తినవాడు ఆగిపోయాడు. ఇన్నేళ్ళలో ఆ ఇంట్లో వినని శబ్దం అది. నోరు ముయ్యమని మీదికొచ్చి, అరచేత్తో నోరు నొక్కాడు. ఆమె ఆ చెయ్యి కొరికింది. నోట్లో ఉప్పగా రక్తం తగిలినా వదల్లేదు. అతను రెండో చేత్తో మొహం మీద గుద్దాడు. మొహం మీద అదే మొదటి దెబ్బ. దవడ పట్టు జారగానే మళ్ళీ అరిచింది, ఈసారి జోసెఫిన్ పేరు పెట్టి.

జోసెఫిన్ గోడ దూకింది. ఎండుచేపలు తిరగేసే కర్ర చేతిలో ఉంది. బుల్లబ్బాయి మోకాళ్ళ మీద కొట్టింది, వంగినప్పుడు మెడమీద కొట్టింది. వీధి తలుపు గడియ విరిగింది. మగవాళ్ళు నలుగురైదుగురు వచ్చి అతన్ని జుట్టు పట్టుకుని వీధిలోకి ఈడ్చారు. నిన్నటిదాకా గారూ అన్నవాళ్ళే. అరుగు మీదనుంచి కిందికి తోసి కాళ్ళతో తన్నారు. ఎవరో చెప్పు తీశారు. అతను రెండు చేతులతో తల కప్పుకుని ముడుచుకుపోయాడు. ఒక దెబ్బకి నుదురు చిట్లి, కన్ను మూసుకుపోయింది. కొడుతున్నవాళ్ళలో ఒకడు నవ్వుతున్నాడు. సత్యవతి గుమ్మం పట్టుకుని చూసింది. ఆమెకు సంతోషం కలగలేదు. ప్రతి తన్నూ తన ఒంట్లో వినిపించింది.

"ఇంక చాలు, ఆపండి," అంది. ఎవరూ వినకపోతే గట్టిగా అంది. ఆపారు.

అగ్రహారం నుంచి వచ్చే ముసలామె ఒకావిడ కొబ్బరికాయతో వీధి చివర నిలబడిపోయింది. సత్యవతి వాచిన మొహాన్నీ, రేగిన జుట్టునీ, నోటివెంట కారుతున్న రక్తాన్నీ చూసింది. అమ్మ కూడా మనలాగే ఏడుస్తాదా అని పక్కనున్నామెను అడిగింది. తర్వాత కొబ్బరికాయ కొంగులో పెట్టుకుని వెనక్కి తిరిగింది.

జోసెఫిన్ ఆమెను తన ఇంట్లోకి తీసుకెళ్ళి, తాడు వాతలకు వెన్న రాసింది. రాస్తూ రాస్తూ ఏడ్చింది.

"దెబ్బల చప్పుడు ఇనపడేదే ఒదినా. ఏదో దంచుతున్నావనుకునేదాన్ని. అబద్ధం, అట్టా అనుకోవాలనుకునేదాన్ని. నువ్వు నోరెత్తందే నేనెట్టా రాను?"

సత్యవతికి వెన్న తగిలిన చోటల్లా మండుతోంది. మండినప్పుడల్లా అబ్బా అంది. అనడం అలవాటు లేక ఒక్కోసారి ఆలస్యంగా అంది.

మర్నాడు పొద్దున్నే బుల్లబ్బాయి అన్న వచ్చి, తలకు కట్టు కట్టించి, అతన్ని పంటు మీద ఏరు దాటించి అవతలికి తీసుకుపోయాడు. షాపు యజమాని ఇక రావద్దని కబురు పెట్టాడట. పోలీసుస్టేషన్లో ఏం చెప్పాలో జోసెఫిన్ దారిలో మళ్ళీ మళ్ళీ చెప్పింది. అక్కడ చెప్పాల్సింది చెప్పి, వేలిముద్ర కాకుండా సంతకమే పెట్టి, సత్యవతి బయటికొచ్చింది. ఇంటికి కాకుండా బడివైపు తిరిగింది. జోసెఫిన్ వెంటే నడిచింది.

డాక్టర్లు సామాను సర్దుతున్నారు. సరోజిని ఆమెను చూడగానే చేతిలో తీగచుట్ట వదిలేసి దగ్గరికొచ్చింది. ముంజేతి మీది వాతను చూస్తూ నిలబడింది. ఉమామహేశ్వరం కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాడు. జరిగింది ఊళ్ళో విన్నానన్నాడు. తనవల్లే అయిందన్నాడు. కళ్ళద్దాలు మళ్ళీ తుడుచుకున్నాడు.

"ఇంకోసారి కట్టండి బాబుగారూ," అంది సత్యవతి.

సరోజిని వద్దంది. తను కట్టనంది. ఉమామహేశ్వరం ఆమెవైపు చూశాడు, సత్యవతివైపు చూశాడు. ఆయన మొహంలో సిగ్గు ఉంది. సిగ్గు పక్కనే ఆశా ఉంది. ఆఖరికి తనే పెట్టె తెరిచి బిళ్ళలు తీశాడు. ఆ పని చేసి చాలాకాలమైనట్టుంది, పాయలు తియ్యడం చేతకావడం లేదు. వాచిన చోట వేలు తగిలినప్పుడు సత్యవతి తల పక్కకు లాక్కుంది. ఆయన క్షమించమన్నాడు. మంచు తెప్పించారు. చేపలకు వాడే మంచు, ఊకలోంచి తీసి కడిగి పళ్ళెంలో వేశారు.

"కళ్ళు మూసుకోండమ్మా," అన్నాడు. "మీరు వెళ్ళే చోటుకి వెళ్ళండి."

సత్యవతి కళ్ళు మూసుకుంది. పెన్నులు కాగితం మీద నడవడం మొదలుపెట్టాయి. గదిలో ఎవరెక్కడున్నారో ఆమెకు తెలుస్తోంది. జోసెఫిన్ గుమ్మం దగ్గర ఉంది. కిటికీకి కట్టిన గుడ్డ గాలికి కొట్టుకుంటోంది. బయట ఎవరో సైకిలు బెల్లు కొట్టుకుంటూ పోయారు. ఆమె ఊపిరి పట్టుకోలేదు, వదిలి పీల్చింది.

చెయ్యి మంచులో ముంచారు.

చలి వేళ్ళ కొసలు కొరికి, మణికట్టులోకి ఎక్కి, మోచేతి దగ్గరున్న వాత దాకా పాకింది. పెన్నులన్నీ ఒక్కసారి గొల్లుమన్నాయి. సత్యవతి చెయ్యి బయటికి లాక్కుంది. మంచుముక్క ఒకటి నేలమీద పడి జారిపోయింది.

"చల్లగా ఉందండి," అంది.

ఉమామహేశ్వరం కాగితం మీద చెదిరిపోయిన గీతలకేసి చూస్తూ ఉండిపోయాడు. నెమ్మదిగా అడిగాడు.

"మొన్న చల్లగా లేదా అమ్మా?"

"మొన్నా చల్లగానే ఉంది," అంది సత్యవతి.